రాసిపెట్టుకున్నది ఎప్పుడు?

షాంఘైలో సర్ ఎడ్మండ్ హోర్న్‌బీ పెద్ద జడ్జి. చైనా, జపాన్ రేవుల్లో ఉన్న బ్రిటిష్ వాళ్ల వ్యాజ్యాలు ఆయన కోర్టుకే వచ్చేవి. మర్నాడు చెప్పబోయే తీర్పు సారాంశం కాగితం మీద రాసి, పత్రికల వాళ్లొస్తే ఇవ్వమని బట్లరుకి అప్పగించి పడుకోవడం ఆయన అలవాటు. 1875 జనవరిలో ఒక రాత్రి అలా పడుకున్నాక పడగ్గది తలుపు చప్పుడైందట. ఊళ్లో ఒక పత్రిక సంపాదకుడు లోపలికొచ్చాడు. మొహం పాలిపోయి ఉంది. బట్లరు దగ్గర తీసుకో పొమ్మంటే కదలడు. మంచం చివర కూర్చుని, తీర్పు ఏమిటో నోటితో చెప్పమని పట్టుబట్టాడు. జడ్జిగారు విసుక్కుంటూనే చెప్పి పంపేశారు. గడియారం చూస్తే ఒంటిగంట దాటింది. నిద్రలేచిన భార్యకి జరిగింది చెప్పారు. తెల్లారి కోర్టుకెళ్తే, ఆ సంపాదకుడు రాత్రి ఒంటిగంట వేళ పోయాడన్న కబురు. శవపంచనామా చేయిస్తే గుండెజబ్బని తేలింది.

చెప్పినవాడు జడ్జి. సాక్షుల మాట తూచడమే జీవితమంతా చేసిన పని. ఆవిడ కూడా ఔనంది. 1884 జూలైలో లండన్ మాసపత్రిక ‘నైన్‌టీన్త్ సెంచరీ’లో ఇదంతా అచ్చయింది.

నవంబరులో అదే పత్రికలో షాంఘై నుంచి ఒక ఉత్తరం వచ్చింది. రాసినాయన ఫ్రెడరిక్ బాల్ఫర్, సంగతులు దగ్గరనుంచి తెలిసినవాడు. సంపాదకుడు రాత్రంతా బాగానే నిద్రపోయి, పొద్దున ఎనిమిదికీ తొమ్మిదికీ మధ్య పోయాడు. పంచనామా అన్నదే జరగలేదు. మర్నాడు ఆ కోర్టులో అలాంటి తీర్పు చెప్పిన దాఖలా లేదు. ఇవన్నీ ఒక ఎత్తు. ఆ రాత్రి జడ్జిగారి పక్కన నిద్రలేచిన భార్య ఎవరన్నది ఒక ఎత్తు. అంతకుముందున్న భార్య పోయి అప్పటికి రెండేళ్లయింది. మళ్లీ పెళ్లి జరిగింది సంపాదకుడు పోయిన మూడు నెలలకి!

హోర్న్‌బీ జవాబు చదివితే మనిషి మీద జాలేస్తుంది. ఆయన దబాయించలేదు. ప్రతి మాటా నిజమనే నమ్మాను, ఇప్పటికీ నమ్ముతున్నాను, నా జ్ఞాపకం మీద భరోసా లేకపోతే ఈ కథ ఎవరికీ చెప్పేవాణ్ణే కాదు అన్నాడు. తొమ్మిదేళ్లుగా ఆ కథ ఆయనలో పెరుగుతూ వచ్చింది. వచ్చి చేరిన భార్యకి కూడా అందులో చోటు దొరికింది. కథ చెప్పుకోవడానికి తప్ప, దాన్ని ఆనాడే కాగితం మీద పెట్టాలని ఆ ఇంట్లో ఎవరికీ తోచలేదు.

ఈ పరువుతక్కువంతా మీద పడినవాళ్లు ఆ వ్యాసం రాసిన ఇద్దరు కేంబ్రిడ్జి పెద్దమనుషులు, ఎడ్మండ్ గర్నీ, ఫ్రెడరిక్ మయర్స్. వాళ్లు పనిచేస్తున్న సంఘానికి అప్పటికి రెండేళ్ల వయసు. పోయినసారి మనం అమెరికాలో ఫాక్స్ అక్కచెల్లెళ్ల ఇంట్లో 1848 నాటి టకటక చప్పుళ్ల దగ్గర ఆగాం. ఆ చప్పుళ్లు అట్లాంటిక్ దాటి ఇంగ్లండ్ డ్రాయింగ్ రూముల్లో బల్లలు కదిలించి, చీకటి గదుల్లో చేతులు పట్టుకు కూర్చునే అలవాటు పెంచాయి. ఇంత జరిగాక ‘ఇందులో నిజమెంత?’ అని చదువుకున్నవాళ్లు పద్ధతిగా అడగడానికి 34 ఏళ్లు పట్టింది.

1882 ఫిబ్రవరి 20న లండన్‌లో సొసైటీ ఫర్ సైకికల్ రీసెర్చ్ పుట్టింది. కూడగట్టినవాడు డబ్లిన్ భౌతికశాస్త్రవేత్త విలియం బారెట్. మొదటి అధ్యక్షుడు హెన్రీ సిడ్జ్‌విక్, కేంబ్రిడ్జిలో నీతిశాస్త్రం చెప్పే పండితుడు. ఈయన సంగతి ఒక్కటి చెబితే చాలు. ట్రినిటీ కాలేజీలో ఫెలోగా ఉండాలంటే అప్పట్లో చర్చి విశ్వాస సూత్రాలకి కట్టుబడతానని సంతకం పెట్టాలి. నమ్మకం సడలిపోయాక ఆ సంతకం మీద బతకడం తప్పనుకుని 1869లో ఆ పదవి వదిలేశాడు. దేవుడి విషయంలోనే దొంగ సాక్ష్యం చెప్పనన్న మనిషి దయ్యాల విషయంలో చెబుతాడా? సంఘానికి వచ్చిన పరువులో సగం ఆయన పేరుదే. భార్య ఎలినర్ ఇంకా గట్టి మనిషి. గణితం చదివింది. చెల్లెలి భర్త లార్డ్ రేలీ ప్రయోగశాలలో విద్యుత్ కొలతల పనిలో చెయ్యేసింది. ఆవిడ తమ్ముడు ఆర్థర్ బాల్ఫర్ తరవాత దేశానికి ప్రధాని అయ్యాడు, మధ్యలో 1893లో ఈ సంఘానికీ అధ్యక్షుడే.

డార్విన్ పుస్తకం వచ్చి అప్పటికి ఇరవై మూడేళ్లు. చర్చి చెప్పే స్వర్గం మీద చదువుకున్నవాళ్లకి నమ్మకం జారిపోయింది. కానీ ఇళ్లల్లో చావులు ఆగలేదు కదా. 1875లో గర్నీ తోబుట్టువులు ముగ్గురు నైలు నదిలో పడవ మునిగి ఒక్కసారే పోయారు. మయర్స్ తన దాయాది భార్య యానీ మార్షల్‌ని మనసులోనే ప్రేమించాడు. 1876లో ఆవిడ ఉత్తర ఇంగ్లండ్‌లో ఒక సరస్సులో ప్రాణం తీసుకుంది. మయర్స్ తరవాత పెళ్లి చేసుకున్నాడు, పిల్లలు పుట్టారు, బడుల ఇన్‌స్పెక్టరుగా ఊళ్లు తిరిగాడు, లోపల మాత్రం ఆ సరస్సు ఎండలేదు. వీళ్ల శాస్త్రీయతని శంకించడానికి ఇదంతా చెప్పడం లేదు. కావాల్సిన జవాబు ఏదో తెలిసి ఉండి కూడా, ఆ జవాబునే బోనెక్కించి అడ్డు ప్రశ్నలేసిన మనుషులు వీళ్లు. అది ఎంత కష్టమో ఎవరికి వారే ఊహించుకోవాలి.

అయితే మొదట్లో పప్పులో కాలేశారు. ఒక మనసులోది ఇంకో మనసుకి, కంటితోనూ చెవితోనూ పని లేకుండా, చేరడం అన్నదానికి మయర్స్ 1882లోనే గ్రీకు మాటలు రెండు అతికి ఒక పేరు పెట్టాడు. అదే ఈనాడు మనం వాడే టెలీపతీ. దానికి మొదటి రుజువులు డెర్బీషైర్‌లో బక్స్‌టన్ ఊరి పాదిరీ క్రీరీగారి అమ్మాయిలు. అక్కని బయటికి పంపి, గదిలో ఉన్నవాళ్లు ఒక పేక ముక్క అనుకుంటారు. అక్క లోపలికొచ్చి చెప్పేస్తుంది. పండితులు ముగ్గురు వెళ్లి చూసి ముచ్చటపడ్డారు. 1887లో కేంబ్రిడ్జిలో మళ్లీ పరీక్షిస్తే, కళ్లు పైకీ కిందికీ పక్కకీ తిప్పి ముక్క ఏ రంగుదో చెల్లెళ్లు అందిస్తున్నారని తేలింది. మా ఊళ్లో పండక్కి రమ్మీ ఆడే పెదనాన్నలు మూడో ఆటలో పట్టేసే విద్య! కానీ ఈ దొంగతనాన్ని సంఘం దాచలేదు, తన పత్రికలోనే అచ్చేసుకుంది.

ఇంకో జంట బ్రైటన్‌వాళ్లు. పత్రికా రచయిత డగ్లస్ బ్లాక్‌బర్న్, స్టేజి మీద హిప్నాటిజం చేసే కుర్రాడు జార్జ్ ఆల్బర్ట్ స్మిత్. బ్లాక్‌బర్న్ చూసిన బొమ్మని, కళ్లు కట్టుకున్న స్మిత్ గీసేసేవాడు. గర్నీకి స్మిత్ ఎంత నచ్చాడంటే, తన సెక్రటరీగా పెట్టుకున్నాడు. ఎన్నో ఏళ్లకి, ఈ నాటకంలో తాను తప్ప ఇంకెవరూ మిగల్లేదనుకుని బ్లాక్‌బర్న్ అదంతా మోసమేనని పత్రికలకి రాశాడు. స్మిత్ బతికే ఉన్నాడు. అబద్ధం, మేం ఏ మోసమూ చేయలేదన్నాడు. ఈలోగా ఆయన సినిమాల్లోకి వెళ్లి, రంగుల బొమ్మ కదిలించే కినిమాకలర్ కనిపెట్టి పేరు తెచ్చుకున్నాడు. వెలుగుతో భ్రమ పుట్టించడం ఆయన చేతికి బాగానే అబ్బిందని నేనంటే గిట్టనివాళ్లు ఉండొచ్చు.

వీటన్నిటికన్నా నాకు విలువైనదిగా కనిపించే ప్రయోగం పలకల మీద జరిగింది. ఆ రోజుల్లో చచ్చినవాళ్లతో మాట్లాడిస్తామనే మీడియంలు రెండు పలకల్ని బోర్లించి, మధ్యలో చిన్న బలపం ముక్క పెట్టి, బల్ల కింద పట్టుకునేవారు. లోపల బలపం గీసుకుంటున్న శబ్దం. తీసి చూస్తే చచ్చినవాళ్ల దస్తూరీ. ఎస్. జె. డేవీ అనే యువకుడు మొదట దీన్ని నమ్మాడు. తరవాత అనుమానమొచ్చి, ఆ విద్యంతా చేతివాటంగా సాధన చేసి నేర్చుకున్నాడు. సంఘం తరఫున రిచర్డ్ హాడ్‌సన్ తోడుండగా జనాన్ని కూర్చోబెట్టి చేసి చూపించాడు. అయ్యాక, చూసింది చూసినట్టు రాసివ్వమన్నారు. చదువుకున్నవాళ్లు, నిజాయితీపరులు రాసిచ్చారు. పలకలు మా కళ్ల ముందునుంచి క్షణమైనా పక్కకి పోలేదని. నిజానికి డేవీ వాటిని వాళ్ల ముందే మార్చేశాడు. జరిగినవి వదిలేశారు, జరగనివి చేర్చారు, వెనకా ముందూ తారుమారు చేశారు. ఎవరూ కావాలని అబద్ధం రాయలేదు. ఈ నివేదికలు 1887లో అచ్చయ్యాయి. కోర్టులో ప్రత్యక్షసాక్షి మాటని ఎంతవరకు నమ్మాలన్న ప్రశ్న మనస్తత్వశాస్త్రం చేతికి పూర్తిగా రావడానికి ఇంకా ఎన్నో ఏళ్లుంది. దయ్యాల కోసం వెళ్లినవాళ్ల వలలో ఈ చేప పడింది.

దీని మీద ఒక కొసమెరుపు. డార్విన్‌తో పాటు పరిణామ సిద్ధాంతం చెప్పిన ఆల్ఫ్రెడ్ రసెల్ వాలెస్ ఆత్మల్ని గట్టిగా నమ్మేవాడు. డేవీ తాను చేసిందంతా కనికట్టేనని మొత్తుకుంటుంటే, ప్రతి ఒక్కటీ ఎలా చేశాడో విప్పి చెప్పేదాకా అతన్ని నిజమైన మీడియంగానే లెక్కేయాలన్నాడు వాలెస్! మోసగాణ్ణని ఒప్పుకున్నా వదలరు.

హాడ్‌సన్ గురించి మన వాళ్లకి చెప్పాల్సింది ఇంకొకటుంది. మెల్‌బోర్న్‌లో పుట్టి, కేంబ్రిడ్జిలో చదివి, 29 ఏళ్ల వయసులో, 1884 డిసెంబరులో మద్రాసు రేవులో దిగాడు. పని అడయారులో, మేడమ్ బ్లావట్‌స్కీ దివ్యజ్ఞాన సమాజంలో. ఆ సమాజం అడయారుకి రావడంలో మన తెలుగువాడి చెయ్యి ఉంది. కాకినాడలో పుట్టి మద్రాసులో వకీలుగా ఉన్న తల్లాప్రగడ సుబ్బారావు వాళ్లకి పెద్ద దిక్కు. 1882 వేసవిలో బ్లావట్‌స్కీ, సమాజంలో ఆవిడ సహచరుడు ఆల్కాట్ బకింగ్‌హామ్ కాలువ మీద పడవలో నెల్లూరుకి, అక్కణ్ణుంచి గుంటూరుకి కూడా వెళ్లారు. అడయారులో ఆవిడ పడగ్గదిని ఆనుకుని ఒక గది, ఆ గది గోడకి ఒక బీరువా. దాన్ని పూజామందిరంలా చూసేవాళ్లు. అందులో ఉత్తరం పెడితే హిమాలయాల్లో ఉన్న మహాత్ముల నుంచి జవాబు వచ్చేదని నమ్మకం. 1884 సెప్టెంబరులో, ఆ ఇంట్లో పనిచేసి వెళ్లగొట్టబడిన కూలోమ్ దంపతులు, ఇదంతా తమ చేత చేయించిన బూటకమంటూ ఆవిడ రాసినవని చెప్పే ఉత్తరాల్ని మద్రాసు క్రిస్టియన్ కాలేజీ మ్యాగజైన్‌కి ఇచ్చారు. అవి అచ్చయ్యాక ఊరంతా రెండుగా చీలింది.

హాడ్‌సన్ వెళ్లేసరికి బీరువా లేదు. కాల్చేశారు, అదీ సమాజం మనుషులే. అతను మూడు నెలలు గోడ కొలిచాడు, సాక్షుల్ని విడివిడిగా పిలిచి అడిగాడు, దస్తూరీలు పోల్చి చూశాడు. బీరువా వెనక గోడకి ఆవిడ పడగ్గది వైపునుంచి దారి ఉండేదని, మహాత్ముల ఉత్తరాలు చాలావరకు ఆవిడ చేతి రాతేనని తేల్చాడు. 1885 డిసెంబరులో నివేదిక అచ్చయింది. అప్పటికే బ్లావట్‌స్కీ మద్రాసు వదిలేసి వెళ్లింది, మళ్లీ మన దేశంలో కాలు పెట్టలేదు. నివేదికలో నాకు మింగుడుపడని భాగం ఒకటుంది. ఇంత పెద్ద మోసం ఎందుకు చేసిందన్నదానికి జవాబు దొరక్క, ఆవిడ రష్యా గూఢచారి కావచ్చని ఊహ కట్టాడు. గోడ కొలిచిన చేత్తోనే అంత వదులు మాట రాశాడు. నూరేళ్ల తరవాత, 1986లో, అదే సంఘం పత్రికలో దస్తూరీల నిపుణుడు వెర్నన్ హారిసన్ ఈ నివేదిక పక్షపాతంతో నిండి ఉందని కడిగేశాడు. దివ్యజ్ఞాన సమాజం వాళ్లు ఆ వ్యాసాన్ని ఇప్పటికీ జాగ్రత్తగా దాచుకుంటారు.

ఇటు లండన్‌లో గర్నీ ఊరూరికీ ఉత్తరాలు రాసి కథలు సేకరిస్తున్నాడు. అవన్నీ ఒకే తీరు. కొడుకు ఎక్కడో దూరదేశంలో చనిపోతున్న వేళకి ఇక్కడ తల్లికి వాకిట్లో కనిపించడం. మన ఇళ్లల్లో ‘ఆ రాత్రి కుక్క ఏడ్చింది, తరవాత తంతి వచ్చింది’ అని చెప్పుకునే బాపతు. చావు వేళకి అటూ ఇటూ పన్నెండు గంటల్లో జరిగినవే లెక్కలోకి తీసుకున్నాడు. 1886లో రెండు లావు సంపుటాలుగా ‘ఫాంటాజమ్స్ ఆఫ్ ది లివింగ్’ వచ్చింది. పేరు మయర్స్‌దీ, సంఘంలో తోటివాడు పోడ్‌మోర్‌దీ కూడా ఉంది గానీ ఎక్కువ రాత గర్నీదే. మొత్తం 702 ఉదంతాలు. గర్నీ వాదన నాజూకైనది. కనిపించింది దయ్యం అననక్కర్లేదు. చనిపోతున్న మనిషి మనసు పంపిన కబురుని చూసేవాడి మనసే బొమ్మగా మలుచుకుంది అన్నాడు. దుస్తులతో సహా ఎందుకు కనిపిస్తారన్న పాత ఎగతాళికి కూడా అందులో జవాబు ఉంది.

ఏడాది తిరక్కుండా ఎడిన్‌బరో న్యాయవాది టేలర్ ఇన్నెస్ అడిగిన ప్రశ్న ఆ పద్నాలుగు వందల పేజీలంత పుస్తకాన్నీ వణికించింది. 702 కథల్లో ఎంతోమంది ‘కబురు రాకముందే ఉత్తరం రాశాను’, ‘డైరీలో రాసుకున్నాను’ అన్నారు కదా. ఏవీ ఆ ఉత్తరాలు? తపాలా ముద్రతో ఒక్కటి చూపించండి. గర్నీ జవాబు రాశాడు, కొన్ని చూపించాడు, ఇన్నెస్ మెత్తబడలేదు. పారేశామని ఒకరు, అగ్గికి ఆహుతైందని ఒకరు. షాంఘై జడ్జిగారి నీడ ప్రతి పేజీ మీదా పడింది.

1888 జూన్ 23న గర్నీ బ్రైటన్‌లో ఒక హోటల్ గదిలో చనిపోయి కనిపించాడు. ముక్కు మీద క్లోరోఫామ్ తడిపిన సంచి. వయసు 41. నరాల నొప్పికి వాసన చూస్తూ పొరపాటున పోయాడని విచారణలో తేల్చారు. స్మిత్ మోసం సంగతి తెలిసి ప్రాణం తీసుకున్నాడని 1964లో ట్రెవర్ హాల్ ఒక పుస్తకమే రాశాడు. నాకు అందులో ఊహ పాలు ఎక్కువనిపించింది.

గర్నీ పోయాక సిడ్జ్‌విక్ దంపతులు లెక్కకి దిగారు. మెలకువగా ఉండగా, లేని మనిషిని చూసినట్టో విన్నట్టో తాకినట్టో మీకెప్పుడైనా అనిపించిందా? ఈ ఒక్క ప్రశ్న పట్టుకుని 410 మంది కలిసి 17,000 మంది జవాబులు తెచ్చారు. ఔనన్నవాళ్లు 1,684 మంది. పదిమందిలో ఒకరన్నమాట, అదీ పిచ్చి లేని ఆరోగ్యవంతుల్లో. ఇక్కడే ఎలినర్ గణితం చూడాలి. ఊరికే కనిపించిపోయినవి జనం మర్చిపోతారు, చావుతో కలిసినవి మర్చిపోరు. అందుకని గుర్తున్న రూపాల సంఖ్యని నాలుగింతలు చేసి 1,300కి పెంచింది. చావుతో కలిసినవాటిలో అనుమానమున్నవన్నీ తీసేసి 30కి తగ్గించింది. అంటే 43లో ఒకటి. మామూలుగా ఫలానా మనిషి ఫలానా రోజున చనిపోయే అవకాశం, ఆనాటి మరణాల రేటు ప్రకారం, 19,000లో ఒకటి. తన వాదనకి తనే ఇన్ని కోతలు పెట్టుకున్నాక కూడా ఇంత తేడా! 1894లో నివేదిక అచ్చయింది. కథ చెప్పడానికి ఉవ్విళ్లూరేవాళ్లనే సేకరించేవాళ్లు వెతుక్కుని వెళ్లారేమోనన్న అనుమానం మాత్రం లెక్కల్లో తీరేది కాదు. మళ్లీ అదే ముల్లు: ఆనాడే రాసిపెట్టుకున్నవి ఎన్ని?

ఆ ముల్లు తీయడానికి మయర్స్ దగ్గర ఒక ఉపాయం ఉంది. ముందే రాసి, సీలు వేసి పెట్టడం. 1891లో ఆయన ఒక కవరు అంటించి భౌతికశాస్త్రవేత్త ఆలివర్ లాడ్జ్ చేతికిచ్చాడు. లోపల ఏముందో ఎవరికీ చెప్పలేదు. నేను పోయాక ఏ మీడియం నోటనైనా ఈ మాట పలికించగలిగితే నేనున్నట్టే.

1901 జనవరి 17న మయర్స్ రోములో కన్నుమూశాడు. ఆ ఏడే కేంబ్రిడ్జి న్యూనమ్ కాలేజీలో గ్రీకు, లాటిన్ చెప్పే ఆయన స్నేహితురాలు మార్గరెట్ వెరాల్‌కి, చేతిలో కలం పట్టుకుని కూర్చుంటే రాత తనంతట తానే సాగడం మొదలైంది. గ్రీకు, లాటిన్, ఇంగ్లీషు కలగలిసిన ముక్కలు, మయర్స్ పేరుతో. 1904లో ఆ రాత ఇంకా ముందుకెళ్లింది. లాడ్జ్ దగ్గరున్న కవరులో ఉన్నది ప్లేటో ‘సింపోజియం’లోని మాట, ప్రేమ గురించి చెప్పినది, అని. మయర్స్‌కి ప్లేటో అంటే ప్రాణమని తెలిసినవాళ్లందరికీ గుండె దడదడలాడి ఉంటుంది.

1904 డిసెంబరు 13న సంఘం వాళ్లు లండన్‌లో కూడారు. మొదట వెరాల్ రాతలు ఏమన్నాయో లాడ్జ్ చెప్పాడు. తరవాత కవరు చింపాడు. ప్లేటో లేడు. ప్రేమ అన్న మాటే లేదు. పోలికే లేదని సంఘం తన పత్రికలో ఉన్నదున్నట్టు రాసుకుంది.

కాగితం మీద ఉన్నదల్లా, భూమ్మీద ఏదైనా చోటుకి మళ్లీ రాగలిగితే కంబర్లాండ్‌లో హాల్‌స్టెడ్స్ తోటలోని లోయకి వస్తానని. హాల్‌స్టెడ్స్ మార్షల్ కుటుంబానిది. దాని ముందున్నది ఉల్స్‌వాటర్ సరస్సు. 1876లో యానీ మునిగిపోయింది అందులోనే.

(సశేషం)